పదేళ్ళు టీవీలో పనిచేసిన కెమెరామన్ స్కోర్సెసీ దాకా ఎలా వెళ్ళాడు? మైకేల్ బాల్‌హౌస్ గురించి వివరంగా

ప్రశ్న: "అన్నా, నాకు 29 ఏళ్ళు. అయిదేళ్ళుగా హైదరాబాద్‌లో సీరియళ్ళకి కెమెరా అసిస్టెంట్‌గా ఉన్నాను, ఈ మధ్యే ఆపరేటింగ్ ఇస్తున్నారు. టీవీలో ఎక్కువ కాలం ఉండిపోతే సినిమా వాళ్ళు పిలవరని అందరూ భయపెడుతున్నారు. జర్మన్ సినిమాటోగ్రాఫర్ మైకేల్ బాల్‌హౌస్ కూడా టీవీ నుంచే వచ్చాడని విన్నాను. నిజమేనా? ఆయన ఎలా ఎదిగాడు? ఆయన రౌండ్ షాట్‌లో, అదే మనుషుల చుట్టూ కెమెరా తిరిగే షాట్‌లో, అంత ప్రత్యేకత ఏముంది?"

తమ్ముడూ, నేను కెమెరా పట్టి ఇరవై రెండేళ్ళయింది. అందులో మొదటి ఆరేళ్ళు నువ్విప్పుడు ఉన్నచోటే, సీరియళ్ళలోనే గడిచాయి. అందుకే నీ ప్రశ్న చూసి ఊరుకోలేకపోయాను. కాస్త పొడుగ్గానే రాస్తాను, తీరిగ్గా చదువు.

నువ్వు విన్నది నిజమే. బాల్‌హౌస్ దాదాపు పదేళ్ళు టీవీ కెమెరామన్. పశ్చిమ జర్మనీలో బాడెన్-బాడెన్ అనే ఊళ్ళో సూడ్‌వెస్ట్‌ఫుంక్ అనే పబ్లిక్ ప్రసార సంస్థ ఉండేది. 1960ల్లో ఆయన అక్కడే ఉద్యోగం చేశాడు. ఫాస్‌బిండర్ అనే కుర్ర దర్శకుడితో మొదటి సినిమా చేసేటప్పటికి ఆయనకి 34 ఏళ్ళు. హాలీవుడ్ దర్శకుడు మార్టిన్ స్కోర్సెసీతో మొదటి సినిమా చేసేనాటికి 49 దగ్గరికొచ్చాయి. స్కోర్సెసీతో ఆఖరి సినిమా విడుదలయ్యేసరికి 71. నీకు 29. ఈ లెక్క ముందు మనసులో పెట్టుకో, టెన్షన్ సగం తగ్గుతుంది.

ఇక కథ మొదటి నుంచి చెప్తాను. ఎందుకంటే ఆయన కెమెరా ఎందుకలా కదిలేదో ఆయన పుట్టిన ఇల్లు చూస్తేనే తెలుస్తుంది.

ఆయన 1935 ఆగస్టులో బెర్లిన్‌లో పుట్టాడు. అమ్మ లేనా హట్టర్, నాన్న ఆస్కార్ బాల్‌హౌస్, ఇద్దరూ రంగస్థల నటులు. యుద్ధం అయ్యాక వాళ్ళు ఫ్రాంకోనియా ప్రాంతంలో ఒక పాత కోటలో నాటక సమాజం నడిపారు. మనవైపు సురభి కుటుంబాల పిల్లలు తెర వెనకే పెరిగినట్టు ఈ పిల్లవాడూ రిహార్సళ్ళ మధ్యే పెరిగాడు. నటుడు ఏ మాట దగ్గర ఊపిరి తీసుకుంటాడు, ఎప్పుడు పక్కకి తిరుగుతాడు, ఏ అడుగు అబద్ధంగా పడుతుంది అన్నవి చిన్నప్పుడే చూశాడు. ఆ తరువాత ఫొటోగ్రఫీ నేర్చుకుని నాటకాల ఫొటోలు తీశాడు. అంటే లైటింగ్ కంటే ముందు ఆయన చదువుకున్నది నటన. మనలో చాలామందికి ఇది తిరగబడి ఉంటుంది. లెన్సుల గురించి గంటసేపు మాట్లాడతాం, ఎదురుగా ఉన్న నటి ఏ మాటకి కళ్ళు దించుతుందో గమనించం.

1955లో మాక్స్ ఓఫుల్స్ దర్శకుడిగా 'లోలా మోంటెస్' తీస్తున్నారు. ఓఫుల్స్ ఆ కుటుంబానికి తెలిసినవాడు. అప్పటికి ఇరవై ఏళ్ళ బాల్‌హౌస్‌కి ఆ సెట్ మీదకి వెళ్ళి చూసే అవకాశం దొరికింది. ఆ సినిమా సర్కస్ రింగులో మొదలవుతుంది. నాయిక మధ్యలో కూర్చుని ఉంటుంది, ఆమె చుట్టూ కెమెరా తిరుగుతుంది. ఓఫుల్స్ కెమెరా ఒక పట్టాన నిలబడేది కాదు. మెట్లెక్కేది, కిటికీల పక్కగా పాకేది, మనుషుల వెంట నడిచేది. ఆ షూటింగ్ చూశాకే సినిమాటోగ్రాఫర్ కావాలని గట్టిగా అనుకున్నానని బాల్‌హౌస్ తరువాత చాలాసార్లు చెప్పుకున్నాడు. ఆ రింగులోని సున్నాని ఆయన జీవితాంతం గీస్తూనే ఉన్నాడు.

అయితే ఓఫుల్స్‌ని చూసిన కుర్రాడు వెంటనే గొప్ప సినిమాల్లోకి దూకలేదు. బాడెన్-బాడెన్‌లో టీవీ నాటకాలు, టెలీఫిల్ములు తీస్తూ ఉండిపోయాడు. ఆ రోజుల్లో ఆయనకి పరిచయమైనవాళ్ళలో పీటర్ లిలియెంటాల్ అనే దర్శకుడు ఒకడు. అతనూ అదే ప్రసార సంస్థలో పనిచేశాడు. ఈ పేరు గుర్తుపెట్టుకో, తరువాత మళ్ళీ వస్తాడు. 1960ల చివర్లో బెర్లిన్‌లో కొత్తగా పెట్టిన ఫిల్మ్ అకాడమీలో బాల్‌హౌస్ పాఠాలు కూడా చెప్పాడు.

1970 వసంతంలో స్పెయిన్‌లోని అల్మెరియాలో 'వైటీ' షూటింగ్. వెస్టర్న్ సినిమాల కోసం వేసిన సెట్లు అక్కడ ఉండేవి. దర్శకుడు రైనర్ వెర్నర్ ఫాస్‌బిండర్, వయసు ఇరవై నాలుగు. అప్పటికే ఏడాదిలో మూడు నాలుగు సినిమాలు తీసేస్తున్న మనిషి, కోపిష్టి, ఎవరినీ లెక్కచేయడు. కెమెరామన్ అతనికంటే పదేళ్ళు పెద్ద, పైగా టీవీ నుంచి వచ్చినవాడు. ఆ యూనిట్‌లో వాతావరణం ఎంత చెడ్డగా ఉండేదంటే, ఫాస్‌బిండర్ ఆ అనుభవం మీదే మరో సినిమా తీశాడు. డబ్బు కోసం, దర్శకుడి కోసం స్పెయిన్‌లో ఒక హోటల్‌లో ఎదురుచూస్తూ ఒకరినొకరు పీక్కుతినే యూనిట్ కథ అది. దానికీ కెమెరా బాల్‌హౌసే. అంత గొడవ జరిగాక కూడా ఇద్దరూ విడిపోలేదు. ఆ తరువాత తొమ్మిదేళ్ళలో దాదాపు పదిహేను సినిమాలు, టెలీఫిల్ములు కలిసి చేశారు.

ఫాస్‌బిండర్ తొలి సినిమాలు వేరే కెమెరామన్ డీట్రిష్ లోమాన్ తీశాడు. వాటిలో కెమెరా ఎక్కువగా ఒకచోట నిలబడి చూస్తుంది, మనుషులు గోడకి ఆనుకుని మాట్లాడుకుంటారు. అవీ మంచి సినిమాలే. బాల్‌హౌస్ వచ్చాక మాత్రం కెమెరా మనుషుల మధ్యలోకి నడిచింది. అద్దాలు, గాజు తలుపులు, తలుపు చట్రాలు అన్నీ కథలో భాగమయ్యాయి. 1973లో డబ్ల్యూడీఆర్ అనే జర్మన్ టీవీ సంస్థ కోసం రెండు భాగాలుగా తీసిన 'వరల్డ్ ఆన్ ఎ వైర్' చూడు. 16 ఎంఎంలో, అంటే మామూలు సినిమా రీలు కంటే సన్నటి ఫిల్మ్ మీద తీసిన టీవీ ఫిల్మ్ అది. ఏ మనిషి నిజం, ఏ మనిషి ప్రతిబింబం అన్నదే అందులో కథ. అందుకని దాదాపు ప్రతి గదిలోనూ అద్దమో గాజో ఉంటుంది. అద్దాలున్న గదిలో కదిలే కెమెరా పెట్టి, నీ యూనిట్ ఎక్కడా కనబడకుండా తీయడం ఎంత కష్టమో ఒకసారి చేస్తే తెలుస్తుంది.

ఇంకో సంగతి గమనించు. ఫాస్‌బిండర్ సినిమాల్లో చాలావాటికి డబ్బు పెట్టింది టీవీ సంస్థలే. అప్పటి పశ్చిమ జర్మనీలో టీవీకీ సినిమాకీ మధ్య మనం ఇక్కడ కట్టుకున్నంత గోడ లేదు.

ఇప్పుడు నీ ప్రశ్నలో అసలు ముక్కకి వద్దాం. బాల్‌హౌస్ పేరు చెప్పగానే అందరూ రౌండ్ షాట్ అంటారు. నా ఉద్దేశంలో ఆయనకి తిండి పెట్టింది వేగం. రౌండ్ షాట్‌ని కూడా నిలబెట్టింది ఆ వేగమే.

1972లో వచ్చిన 'ద బిటర్ టియర్స్ ఆఫ్ పెట్రా ఫాన్ కాంట్' సంగతి చూడు. 124 నిమిషాల సినిమా. పది రోజుల్లో తీశారు. అంటే రోజుకి సగటున పన్నెండు నిమిషాలకు పైగా పూర్తయిన సినిమా! ఒకే ఇల్లు, ఆరుగురు ఆడవాళ్ళు, మగ పాత్రే లేదు. పెట్రా ఒక ఫ్యాషన్ డిజైనర్. ఆమె పడకగది గోడ నిండా పూసాన్ అనే ఫ్రెంచ్ చిత్రకారుడు వేసిన పాత చిత్రం ఒకటి భారీగా పెంచి అతికించి ఉంటుంది. ఆ గదిలోనే బట్టలు తొడిగే బొమ్మలు నిలబడి ఉంటాయి. ఇంతే సరంజామా. రెండు గంటల సేపు ఈ గదిని చూసి ప్రేక్షకుడికి విసుగు రాకూడదు. బాల్‌హౌస్ ఏం చేశాడంటే, పాత్రల మధ్య అధికారం చేతులు మారిన ప్రతిసారీ గదిని కొత్త వైపు నుంచి చూపించాడు. ఒకసారి బొమ్మల వెనక నుంచి, ఒకసారి నేల దగ్గర్నుంచి, ఒకసారి మాట్లాడేవాళ్ళని వదిలేసి మూల నిలబడి అంతా వింటున్న సహాయకురాలి వైపు. మాటే మాట్లాడని ఆ మనిషి మీద కెమెరా ఆగినప్పుడల్లా కథ కొంచెం ముందుకు జరుగుతుంది.

మా సీరియల్‌లో మేమూ రోజుకి ఒక ఎపిసోడ్ ఫుటేజ్ లాగేవాళ్ళం. కాబట్టి రోజుకి పన్నెండు నిమిషాలంటే నాకు మొదట పెద్దగా ఆశ్చర్యం అనిపించలేదు. తరువాత ఆలోచిస్తే అర్థమైంది. మేము మూడు కెమెరాలు పెట్టి, అన్నివైపులా ఒకే వెలుగు పరిచి, ఎడిటింగ్‌లో చూసుకుందాంలే అని లాగేవాళ్ళం. ఆయన దగ్గర ఉన్నది ఒక్క కెమెరా. ఏ షాట్ కావాలో ముందే తెలుసు, ఏది అక్కర్లేదో ఇంకా బాగా తెలుసు. రక్షణ కోసం తీసే క్లోజప్‌లు ఉండవు. ఫాస్‌బిండర్ సాధారణంగా ఒకటి రెండు టేకులకి మించి అడిగేవాడు కాదు. ఒకే టేక్‌లో నటి ఏడ్చేస్తే ఆ క్షణానికి ఫోకస్ సరిగ్గా ఉండాల్సిందే. ఈ నిప్పుల మీద నడక తొమ్మిదేళ్ళు నడిచాడాయన.

రౌండ్ షాట్ కథ 1974లో వచ్చిన 'మార్తా'ది. ఇదీ డబ్ల్యూడీఆర్ కోసం 16 ఎంఎంలో తీసిందే. రోమ్‌లో జర్మన్ రాయబార కార్యాలయం ప్రాంగణంలో మార్తా, హెల్ముట్ అనే ఇద్దరు మొదటిసారి ఒకరికొకరు ఎదురుపడతారు. ఇద్దరూ మాట్లాడుకోరు. దాటిపోతారు, అంతే. వీళ్ళు తరువాత పెళ్ళి చేసుకుంటారు, ఆ పెళ్ళి ఆమెకి జైలవుతుంది. ఈ ఎదురుపాటు చూసేవాడికి గుర్తుండిపోవాలి. బాల్‌హౌస్ అర్ధచంద్రాకారంలో ట్రాక్ వేద్దామన్నాడు. ఫాస్‌బిండర్ పూర్తి చక్రమే ఎందుకు వేయకూడదన్నాడు. సరేనని గుండ్రంగా ట్రాక్ వేశారు. అంతటితో ఆగలేదు. కెమెరా తిరుగుతుంటే నటులిద్దరూ కూడా ఒకరి చుట్టూ ఒకరు, తమ చుట్టూ తాము తిరిగారు. తెర మీద చూస్తే కొన్ని క్షణాలే. కళ్ళు తిరుగుతాయి. వాళ్ళిద్దరి కాళ్ళ కింద నేల జారిపోయినట్టు ఉంటుంది. ప్రేమా, ప్రమాదమా అన్నది ఇంకా ఎవరికీ తెలియదు, కానీ ఏదో మొదలైందని కడుపులో తెలుస్తుంది.

మన దగ్గర రౌండ్ ట్రాలీ పాటల్లో కొత్తేం కాదు. హీరో హీరోయిన్ మధ్యలో నిలబడతారు, కెమెరా తిరుగుతుంది, వెనక డ్యాన్సర్లు తిరుగుతారు. అక్కడ తిరగడం అలంకారం. 'మార్తా'లో తిరగడమే సంఘటన. ఆ షాట్ తీసేస్తే కథలో ఒక మెట్టు ఊడిపోతుంది.

పనివాడిగా నీకు కావాల్సిన వివరాలు కూడా చెప్తాను. రౌండ్ ట్రాలీలో నటులు సరిగ్గా కేంద్రంలో కదలకుండా ఉంటే కెమెరాకీ వాళ్ళకీ దూరం మారదు, ఫోకస్ సరిచేస్తూ ఉండే ఫోకస్ పుల్లర్‌కి హాయి. వాళ్ళు కేంద్రం నుంచి రెండడుగులు పక్కకి జరిగారా, ప్రతి క్షణం దూరం మారుతూ ఉంటుంది. 'మార్తా'లో జరిగింది ఈ రెండోదే. ఇక వెలుగు. ఆరుబయట ఎండలో పూర్తి చుట్టు తిరిగితే ఒకవైపు ముఖం మీద ఎండ, ఇంకోవైపు వీపు మీద ఎండ. ఎక్స్‌పోజర్ దారిలోనే మారిపోతుంది. కెమెరా నీడ, ట్రాలీ తోసేవాళ్ళ నీడ నటుల మీద పడే ఒక ముక్క ఎక్కడో ఉంటుంది. అందుకని నీడపట్టున తీయాలి, లేదా మబ్బు పట్టిన సమయం చూసుకోవాలి. లోపల అయితే లైటు స్టాండ్ అనేదే పెట్టడానికి చోటుండదు, నాలుగు గోడలూ కనబడతాయి కాబట్టి. వెలుగంతా పైనుంచి రావాలి, లేదా కిటికీలోంచి, ఫ్రేమ్‌లో కనబడే దీపాల్లోంచి రావాలి.

నేనిది ఒక పెళ్ళి మండపం సెట్‌లో దెబ్బ తిని నేర్చుకున్నాను. సినిమాటోగ్రాఫర్‌గా నాది రెండో సినిమా. మండపం చుట్టూ పదకొండు స్టాండ్లు పెట్టి ముఖాలు అందంగా వెలిగించాను. దర్శకుడు మధ్యాహ్నం వచ్చి తాళి కట్టే క్షణం రౌండ్ ట్రాలీ కావాలన్నాడు. స్టాండ్లన్నీ పీకి, పైన కర్రలు కట్టి, లైట్లు ఎత్తేసరికి రెండున్నర గంటలు పట్టింది. కథానాయకుడి కాల్షీట్ అయిపోయింది. ఆ షాట్ సినిమాలో లేదు. నేను ముఖాలకి వెలుగు పెట్టుకున్నాను, గదికి పెట్టలేదు. ఆ రాత్రి ఇంటికెళ్ళి ఫాస్‌బిండర్ సినిమాలు మళ్ళీ చూశాను. బాల్‌హౌస్ గది ముందు వెలిగిస్తాడు. కెమెరా ఎటు తిరిగినా పని నడుస్తుంది. దర్శకుడు మనసు మార్చుకుంటే ఆయన అయిదు నిమిషాల్లో సిద్ధం. నేను వేగం అన్నది దీన్నే. పరుగెత్తడం వేరు, ముందే ఆలోచించి ఉండటం వేరు.

1978లో 'ద మ్యారేజ్ ఆఫ్ మరియా బ్రౌన్' తీశారు. ఎక్కువ భాగం కోబుర్గ్‌లో, అంటే బాల్‌హౌస్ పెరిగిన ఫ్రాంకోనియాలోనే. ఫాస్‌బిండర్‌కి ప్రపంచమంతా పేరు తెచ్చిన సినిమా అది. దాని తరువాత ఇద్దరూ మళ్ళీ కలిసి పనిచేయలేదు. 1982 జూన్‌లో ఫాస్‌బిండర్ 37 ఏళ్ళకే పోయాడు.

బాల్‌హౌస్‌కి అప్పటికి నలభై అయిదు దాటాయి. స్వదేశంలో మంచి పేరు, చేతి నిండా పని. అమెరికా దారి ఎలా తెరుచుకుందో చూడు. ఇందాక గుర్తుపెట్టుకోమన్న లిలియెంటాల్ 'డియర్ మిస్టర్ వండర్‌ఫుల్' అనే సినిమాని అమెరికాలో తీశాడు, 1982లో వచ్చింది. దానికి కెమెరా బాల్‌హౌస్. అందులో ముఖ్య నటుడు జో పెస్సీ. మరుసటి ఏడాది జాన్ సేల్స్ దర్శకత్వంలో 'బేబీ ఇట్స్ యూ' చేశాడు. దాని నిర్మాతలు ఎమీ రాబిన్‌సన్, గ్రిఫిన్ డన్. వాళ్ళే తరువాత 'ఆఫ్టర్ అవర్స్' అనే చిన్న సినిమా పెట్టుకున్నారు. దానికి దర్శకుడు మార్టిన్ స్కోర్సెసీ. ఎక్కడి బాడెన్-బాడెన్, ఎక్కడి న్యూయార్క్! టీవీ రోజుల్లో పరిచయమైన మనిషి ఒక తలుపు తీశాడు, ఆ తలుపు ఇంకో తలుపు దగ్గరికి తీసుకెళ్ళింది. నీ సీరియల్‌లో ఇవాళ అసిస్టెంట్ డైరెక్టర్‌గా క్లాప్ కొడుతున్న కుర్రాడితో మర్యాదగా ఉండు అని నేను ఊరికే అనడం లేదు.

స్కోర్సెసీ పరిస్థితి కూడా తెలుసుకోవాలి. ఎన్నాళ్ళుగానో తీయాలనుకున్న 'ద లాస్ట్ టెంప్టేషన్ ఆఫ్ క్రైస్ట్'ని 1983 చివర్లో, షూటింగ్‌కి అంతా సిద్ధమయ్యాక పారామౌంట్ స్టూడియో ఆపేసింది. ఆయన దెబ్బతిని ఉన్నాడు. తక్కువ డబ్బుతో, తొందరగా, సొంతంగా ఒక సినిమా తీసి నిలబడాలి. 'ఆఫ్టర్ అవర్స్' బడ్జెట్ సుమారు 45 లక్షల డాలర్లు. కథంతా ఒక్క రాత్రిలో జరుగుతుంది, కాబట్టి యూనిట్ అంతా రాత్రిళ్ళే పని చేయాలి. తెల్లారితే షాట్ పోయినట్టే. అలాంటి చోట దర్శకుడికి ఎవరు కావాలి? పది రోజుల్లో రెండు గంటల సినిమా తీసి, అందులో ప్రతి ఫ్రేమ్ గుర్తుండేలా చేసినవాడు కావాలి. 1985లో సినిమా వచ్చింది, 1986లో కాన్ చిత్రోత్సవంలో స్కోర్సెసీకి ఉత్తమ దర్శకుడి అవార్డు వచ్చింది. కిటికీలోంచి తాళంచెవులు కిందికి పడే షాట్ ఒకటి ఉంటుంది అందులో. మామూలుగా అయితే ఎవరూ పట్టించుకోని చిన్న పని. వీళ్ళు దాన్ని నెత్తి మీద పిడుగు పడుతున్నట్టు తీశారు.

ఆ తరువాత స్కోర్సెసీతో 'ద కలర్ ఆఫ్ మనీ' చేశాడు. అందులో బిలియర్డ్స్ బల్లల చుట్టూ కెమెరా ఆడిన ఆట చూడాల్సిందే. ఆగిపోయిన క్రీస్తు సినిమాని చివరికి మొరాకోలో దాదాపు 70 లక్షల డాలర్లతో తీశారు. అంత పెద్ద కథకి అది చాలా తక్కువ. మళ్ళీ బాల్‌హౌస్ వేగమే ఆదుకుంది. 1990లో 'గుడ్‌ఫెల్లాస్'. అందులో జో పెస్సీ మళ్ళీ ఆయన కెమెరా ముందుకొచ్చాడు, ఆస్కార్ కూడా అందుకున్నాడు.

'గుడ్‌ఫెల్లాస్'లో కోపకబానా క్లబ్ షాట్ గురించి అందరూ మాట్లాడతారు. కథానాయకుడు హెన్రీ అనే కుర్ర రౌడీ తన స్నేహితురాలిని క్లబ్ వెనక తలుపులోంచి లోపలికి తీసుకెళ్తాడు. మెట్లు, వరండాలు, వంటగది దాటుకుని వేదిక ముందు కొత్తగా వేసిన బల్ల దాకా. దాదాపు మూడు నిమిషాలు, ఒక్క కట్ లేదు. ఆ స్టెడీక్యామ్, అంటే నడుస్తున్నా కుదుపు రాకుండా ఒంటికి కట్టుకునే కెమెరా పరికరం, మోసినవాడు లారీ మెకాంకీ. ఈ పేరు కూడా చెప్పాలి, ఎందుకంటే మనలో చాలామంది అది బాల్‌హౌస్ ఒక్కడి గొప్పతనం అనుకుంటారు. ఆయన పని ఇంకో రకం. ఆ దారి పొడుగునా కెమెరా ఎటు చూసినా వెలుగు సరిపోవాలి, ఒక్క లైటూ కనబడకూడదు, వంటగది వంటగదిలా, క్లబ్ క్లబ్‌లా ఉండాలి. ఆ షాట్‌లో నడుస్తున్న అమ్మాయికి అన్ని తలుపులూ వాటంతటవే తెరుచుకుంటున్నాయి. డబ్బున్న రౌడీ జీవితం ఎంత సుఖంగా ఉంటుందో మాటల్లేకుండా ఆమెకి నచ్చిపోతుంది, మనకీ నచ్చిపోతుంది. అదే ఆ షాట్ చేసే తప్పుడు పని, దాని గొప్పతనం కూడా.

నాకు మాత్రం అదే సినిమాలో చివరికొచ్చేసరికి హోటల్ కిటికీ పక్కన ఇద్దరు కూర్చునే సీన్ ఇంకా ఇష్టం. ట్రాలీ వెనక్కి వెళ్తూ ఉంటుంది, జూమ్ ముందుకు వస్తూ ఉంటుంది. మనుషులు అంతే పరిమాణంలో ఉంటారు, కిటికీ బయటి వీధి మాత్రం మెల్లగా వాళ్ళ మీదకి వచ్చేస్తుంది. ఈ టెక్నిక్‌ని చాలామంది ఒక్కసారిగా, భయపెట్టడానికి వాడతారు. ఇక్కడ ఎంత నెమ్మదిగా ఉంటుందంటే, మొదటిసారి చూసినప్పుడు ఏం జరిగిందో తెలియదు. స్నేహితుడు తనని చంపించబోతున్నాడని హెన్రీకి అర్థమవుతున్న వేగం ఎంతో, ఆ కదలిక వేగం అంతే.

మిగతావి త్వరగా చెప్పేస్తాను. మైక్ నికల్స్ 'వర్కింగ్ గర్ల్' మొదట్లో లిబర్టీ విగ్రహం తల చుట్టూ తిరిగే ఆకాశం షాట్ ఉంటుంది. అక్కడా చక్రమే. 1989లో 'ద ఫ్యాబ్యులస్ బేకర్ బాయ్స్'లో మిషెల్ ఫైఫర్ ఎర్ర గౌనులో పియానో మీద పాడుతుంటే కెమెరా చుట్టూ తిరుగుతుంది. 'మార్తా'లో కళ్ళు తిప్పిన అదే చక్రం ఇక్కడ ఆమె వైపు లాగే మత్తవుతుంది. 1992లో కొప్పోలా 'డ్రాకులా'ని కంప్యూటర్ మాయలు లేకుండా, పాతకాలం ట్రిక్కులతో కెమెరాలోనే తీయాలనుకున్నాడు. లండన్ వీధి సీన్ కొంత చేత్తో తిప్పే పాత పాథే కెమెరాతో తీశారు. మనిషితో సంబంధం లేకుండా నీడ తనంతట తాను కదిలే సీన్లు చూస్తుంటే 1920ల నాటి జర్మన్ మూకీ సినిమాలు గుర్తొస్తాయి. వోల్ఫ్‌గాంగ్ పీటర్సన్‌తో 'ఎయిర్ ఫోర్స్ వన్' చేశాడు. 'వైల్డ్ వైల్డ్ వెస్ట్' లాంటి బలహీనమైన సినిమాలూ ఉన్నాయి. అంత కాలం పనిచేసినవాడికి అవి తప్పవు.

ఆస్కార్‌కి మూడుసార్లు నామినేట్ అయ్యాడు: 'బ్రాడ్‌కాస్ట్ న్యూస్', 'బేకర్ బాయ్స్', 'గ్యాంగ్స్ ఆఫ్ న్యూయార్క్'. ఒక్కసారీ రాలేదు. 'గుడ్‌ఫెల్లాస్'కి అసలు నామినేషనే ఇవ్వలేదు, అది నాకు ఇప్పటికీ మింగుడుపడదు. స్కోర్సెసీతో ఏడో సినిమా, 2006లో వచ్చిన 'ద డిపార్టెడ్'కి ఉత్తమ చిత్రం, ఉత్తమ దర్శకుడు ఆస్కార్లు వచ్చాయి. కెమెరామన్ పేరు ఆ జాబితాలోనూ లేదు. అదే ఏడాది ఆయన భార్య హెల్గా చనిపోయింది. ఆయన హాలీవుడ్ వదిలి జర్మనీకి వెళ్ళిపోయాడు. కొడుకు ఫ్లోరియన్ కూడా సినిమాటోగ్రాఫరే, 'ద డెవిల్ వేర్స్ ప్రాడా' అతను తీసిందే.

2013లో రెండో భార్య షెర్రీ హోర్మన్ దర్శకత్వంలో '3096 డేస్' అనే సినిమాకి మళ్ళీ కెమెరా పట్టాడు. ఆస్ట్రియాలో ఎనిమిదేళ్ళు ఒక చిన్న నేలమాళిగలో బందీగా ఉన్న అమ్మాయి నిజకథ. అందరికీ ఆయనంటే తిరిగే కెమెరా. ఆఖరి సినిమాకి దొరికింది ట్రాలీ కూడా పట్టని గది. మరుసటి ఏడాది వచ్చిన ఆత్మకథలో గ్లకోమా వల్ల తన చూపు పోతోందని బయటపెట్టాడు. 2016లో బెర్లిన్ చిత్రోత్సవం గౌరవ గోల్డెన్ బేర్ ఇచ్చింది. 2017 ఏప్రిల్‌లో బెర్లిన్‌లోనే 81 ఏళ్ళకి పోయాడు.

టీవీలో ఉంటే సినిమా వాళ్ళు పిలవరా అన్నదానికి నా జవాబు: టీవీలో ఎన్నేళ్ళున్నావన్నది ఎవరూ అడగరు. సెట్‌లో నిన్ను చూసిన దర్శకుడు ఏం గుర్తుపెట్టుకుంటాడన్నదే లెక్కలోకొస్తుంది. నువ్వు రేపు సీరియల్ షూటింగ్‌కి వెళ్తావు కదా. మూడు కెమెరాలతో తీసే ఆ హాల్ సీన్‌ని నీ మనసులో ఒక్క కెమెరాతో తీయి. ఎన్ని షాట్లు కావాలి, ఏ మాట దగ్గర ఎవరి ముఖం కావాలి, ఏ షాట్ లేకపోయినా నడుస్తుంది అని కాగితం మీద రాసుకో. దర్శకుడికి చూపించక్కర్లేదు. నెల రోజులు ఇలా చేస్తే, ఎవరైనా హఠాత్తుగా "ఇది ఒక్క షాట్‌లో అయిపోతుందా?" అని అడిగినప్పుడు నోట మాట వస్తుంది. నాకు సినిమా ఇచ్చిన దర్శకుడు నన్ను అడిగిన మొదటి ప్రశ్న అదే.

సినిమాలు చూడాలంటే 'పెట్రా', 'మార్తా', 'ఆఫ్టర్ అవర్స్', 'గుడ్‌ఫెల్లాస్', ఈ వరుసలో చూడు. 'మార్తా'లో ఆ ప్రాంగణం షాట్‌ని మాత్రం సౌండ్ ఆపేసి నాలుగైదుసార్లు చూడు. తరువాత పైనుంచి చూసినట్టు ఒక బొమ్మ గీయి. ట్రాక్ ఎక్కడుంది, ఇద్దరూ ఎటు నుంచి ఎటు నడిచారు, ఎక్కడ తిరిగారు, వెలుగు ఏ వైపు నుంచి వస్తోంది, ట్రాలీ తోసేవాళ్ళు ఏ క్షణాన ఎక్కడుండి ఉంటారు. గీశాక ఇక్కడే ఫొటో పెట్టు. నేను గీసుకున్నది కూడా నా దగ్గరుంది, రెండూ పక్కపక్కన పెట్టి మాట్లాడుకుందాం.